నోబితా దాచిన పేపరు



"షిన్‌చాన్ చూసి మావాడు ఎదురు మాట్లాడుతున్నాడండీ" అని పేరెంట్స్ మీటింగుల్లో తరచూ వింటుంటాం. నిజమే, 1990లో ఆ బొమ్మల కథ జపాన్‌లో మొదలైంది పెద్దలు చదివే పత్రికలో. అక్కడి అమ్మానాన్నలూ దాంతో విసిగిపోయినవాళ్లే! చిన్నపిల్లలకు వద్దంటే నేనూ ఒప్పుకుంటాను.

డోరేమాన్‌ను మాత్రం అదే గాటన కట్టకండి. 2008లో జపాన్ ప్రభుత్వం తమ యానిమే రాయబారిగా ఎంచుకున్నది ఈ పిల్లినే. నోబితా బద్ధకస్తుడే, కానీ దాని పరికరాలతో అడ్డదారి తొక్కితే చాలాసార్లు బోల్తా పడతాడు. సున్నా వచ్చిన పేపరు అమ్మకు కనపడకుండా దాస్తాడు.

ఆ సీన్ వచ్చినప్పుడు టీవీ కట్టేయకండి. పక్కన కూర్చుని "నువ్వెప్పుడైనా దాచావా?" అని అడగండి. దాచానంటే, ఆ పూటకి మార్కుల ఊసెత్తకండి.