విభాగ దావాలలో రాజీ

మన నేత కుటుంబములలో ఆస్తి యనగా చాలమందికి ఒక ఇల్లు, అందులో రెండు మూడు మగ్గములు. తండ్రి పోయిన పిదప అన్నదమ్ములు ఆ ఇంటిమీదనే దావాకు దిగుచున్నారు. పొలమునకు గట్టు వేసి పంచవచ్చును. గుంటమగ్గము నడుమ గోడ పెట్టుట ఎట్లు? పంచుటకు వీలులేని ఆస్తిని, సగమునకు తక్కువకాని వాటాదారులు కోరినచో, అమ్మి సొమ్ము పంచుమని 1893 నాటి విభజన చట్టము క్రింద కోర్టు ఉత్తరువు చేయవచ్చును. అప్పుడు ఇల్లు పరులపాలైనచో మగ్గము వీధిన పడును.

దావా నడచినను త్వరగా తెమలదు. ప్రాథమిక డిక్రీ వాటాలను తేల్చును. ఆపైన కమిషనరు కొలతలు, అభ్యంతరములు, తుది డిక్రీ, అప్పీళ్లు. కోర్టుకు పోయిన ప్రతి దినమును మగ్గము ఆగిన దినమే. కావున రాజీయే మేలని మా అభిప్రాయము. రాజీపడుట ఓటమి యనుకొనువారు, గెలిచిన పిదప చేతికి ఏమి మిగులునో లెక్క వేసుకొనవలెను.

అయితే పెద్దలయెదుట నోటిమాటగా సర్దుకొని దావా మానుకొనుట చాలదు. మాట మారినచో మరల మొదటికే వచ్చును. సివిల్ ప్రొసీజరు కోడు 23వ ఆర్డరు 3వ రూలు ప్రకారము రాజీని వ్రాసి, కక్షిదారులు సంతకములు చేసి, కోర్టులో దాఖలు చేయవలెను. అది న్యాయసమ్మతమని తృప్తి చెందిన మీదట కోర్టు డిక్రీ ఇచ్చును. లోక్ అదాలత్‌లో కుదిరిన రాజీకిని 1987 నాటి చట్టము క్రింద డిక్రీ విలువ కలదు. దానిపై అప్పీలు లేదు. కోర్టు ఫీజు తిరిగి వచ్చును.

రాజీపత్రములో ఏ మగ్గము ఎవరిదో, నూలు బాకీ, షావుకారు అడ్వాన్సు ఎవరు తీర్చవలెనో, తల్లి ఎచ్చట నుండునో, ఆమె పోషణ ఎవరిదో స్పష్టముగా ఉండవలెను. మైనరు పిల్లల పక్షమున రాజీపడుటకు కోర్టు అనుమతి తప్పదు. దావాలో లేని స్థిరాస్తిని రాజీలో చేర్చినచో, ఆ డిక్రీని రిజిస్టరు చేయింపవలెను.

ఆడబిడ్డల మాట ముఖ్యము. 2005 సవరణ ననుసరించి ఉమ్మడి కుటుంబపు ఆస్తిలో కుమార్తెకు కుమారునితో సమానముగా హక్కు కలదు. ఆ సవరణ నాటికి తండ్రి జీవించియుండనక్కరలేదని 2020లో సుప్రీంకోర్టు తేల్చినది. పసుపుకుంకుమల పేర ఒక చీర పెట్టి సంతకము తీసుకొనుట రాజీ కాదు. ఆమె తన వాటా ఎంతయో తెలిసికొని, ఇష్టపడి వదలుకొన్నచో అది వేరు మాట.

షోలాపురమున మరాఠీ, కంచిలో తమిళము, బరంపురమున ఒడియా కాగితములు మనవారి చేతికి వచ్చుచుండును. నోట తెలుగు తప్ప ఆ లిపి రాని వృద్ధులు మనలో పలువురు. వకీలు చూపినచోట వేలిముద్ర వేయుటకు ముందు, ప్రతి వాక్యమును తెలుగులో చెప్పించుకొని వినవలెను. సంఘముల కార్యవర్గములు ఈ పనికి ఒక చదువరిని తోడు పంపవలెనని కోరుచున్నాము. సంఘమునకు ఖర్చు స్వల్పము. నిలుచునది ఒక ఇల్లు.