ఎం.ఎస్. వైకల్యాన్ని నడక ఒక్కదానితో కొలవకండి

అనంతపురం జిల్లా కలెక్టర్ గారికి,

2016 నాటి దివ్యాంగుల హక్కుల చట్టం గుర్తించిన 21 వైకల్యాల్లో మల్టిపుల్ స్క్లెరోసిస్ (ఎం.ఎస్.) అనే నరాల జబ్బు ఒకటి. వైకల్యాన్ని నిర్ధారించే సదరం శిబిరంలో అది 40 శాతం అని తేలితేనే పింఛను. కానీ ఈ జబ్బు పూటకో తీరుగా ఉంటుంది. పొద్దున చల్లపూట నడిచొచ్చిన మనిషికి మన అనంతపురం ఎండలో కాసేపు వరుసలో నిలబడితే చూపు మసకబారుతుంది, కాళ్లు తేలిపోతాయి. ఒళ్లు వేడెక్కితే దెబ్బతిన్న నరాల్లో సంకేతాలు సరిగా సాగవు. ఏ గంటలో చూస్తే ఆ గంట శాతమే కాగితానికి ఎక్కుతుంది.

నరాల వైద్యుడు కర్ట్‌జ్కీ 1983లో ఇచ్చిన ఈడీఎస్ఎస్ అనే ఎం.ఎస్. వైకల్య కొలమానాన్ని ప్రపంచమంతా వాడుతోంది. అదీ స్కోరు 4 దాటాక ఎక్కువగా నడకనే చూస్తుంది. చేతివేళ్ల పట్టు, విపరీతమైన అలసట, మతిమరుపు అందులో సరిగా తేలవు. చొక్కా గుండీ పెట్టుకోలేని మనిషిని, నడుస్తున్నాడు కదా అని వెనక్కి పంపడం అన్యాయం.

అయ్యా, ఈ రోగులకు నీడపట్టున, నరాల వైద్యుడి చేత పరీక్ష చేయించండి. 25 అడుగుల నడకకు పట్టే సమయం, తొమ్మిది రంధ్రాల్లో పుల్లలు గుచ్చే చేతి పరీక్ష నమోదు చేయించండి. వీటికి స్టాప్‌వాచ్, పుల్లల పలక చాలు. జబ్బు తిరగబెట్టినప్పటి రికార్డులనూ లెక్కలోకి తీసుకోమనండి. వచ్చే వేసవి శిబిరాలకు ముందే ఆ ఆదేశాలు ఇవ్వండి.