రెండవ పక్షం మాట కూడా వినాలి

హజ్రత్ అలీ (రజి)ను యమన్‌కు న్యాయాధికారిగా పంపుతూ దైవప్రవక్త (స) చేసిన ఉపదేశాన్ని మా తరగతిలో ప్రతి ఏటా బోధిస్తాము. వాద ప్రతివాదులు ఎదుట కూర్చున్నప్పుడు, మొదటివాని మాట విన్నట్లే రెండవవాని మాట కూడా వినేంతవరకు తీర్పు చెప్పరాదన్నది దాని సారాంశం. ఈసారి పాఠం ముగిశాక ఒక విద్యార్థి, "ఉస్తాద్! ప్రభుత్వం ఒక టీవీ ఛానల్‌ను ఆపివేసేటప్పుడు కూడా ఈ నియమం వర్తిస్తుందా?" అని అడిగాడు. అది మంచి ప్రశ్న.

ఒకప్పుడు మన ఇళ్లలో దూరదర్శన్ ఒక్కటే ఉండేది. 1990ల ఆరంభంలో ఉపగ్రహ ప్రసారాలు, వాటి వెంట కేబుల్ తీగలు వీధివీధికీ వచ్చాయి. క్రికెట్ పోటీల ప్రసార హక్కులపై తలెత్తిన వివాదంలో 1995 ఫిబ్రవరి 9న సుప్రీంకోర్టు, ప్రసార తరంగాలు ప్రజల ఆస్తి అని తీర్పు చెప్పింది. వాటిపై ప్రభుత్వ గుత్తాధిపత్యం తగదనీ, స్వతంత్ర ప్రతిపత్తి గల సంస్థ వాటిని ప్రజల మేలు కోసం నియంత్రించాలనీ పేర్కొన్నది. ఆ ధర్మాసనంలో మన జస్టిస్ బి.పి. జీవన్ రెడ్డి కూడా ఉన్నారు. అదే ఏడాది కేబుల్ టీవీ చట్టం వచ్చింది, ఈటీవీ ప్రసారాలు మొదలయ్యాయి. తరువాత ఛానళ్లు వందలుగా పెరిగాయి. కానీ అనుమతి ఇచ్చే అధికారం, దానిని ఉపసంహరించే అధికారం మాత్రం నేటికీ కేంద్ర సమాచార, ప్రసార మంత్రిత్వ శాఖ చేతిలోనే ఉన్నాయి.

దాని పర్యవసానం మలయాళ ఛానల్ మీడియావన్ విషయంలో కనిపించింది. హోంశాఖ భద్రతా అనుమతి నిరాకరించిందంటూ 2022 జనవరి 31న దాని ప్రసారాలను ఆపివేశారు. కారణమేమిటో ఛానల్‌కు చెప్పలేదు. న్యాయస్థానానికి మాత్రం సీల్డ్ కవరులో అందజేశారు. నేరమేమిటో తెలియనివాడు ఏమని బదులు చెప్పుకోగలడు? 2023 ఏప్రిల్ 5న సుప్రీంకోర్టు ఆ నిషేధాన్ని కొట్టివేసింది. ఆధారం లేకుండా దేశభద్రత పేరు చెప్పి పౌరుల హక్కులను కాదనరాదనీ, ప్రభుత్వాన్ని విమర్శించడం వ్యవస్థను వ్యతిరేకించడం కాదనీ స్పష్టం చేసింది.

ఈ తీర్పు విని మనం సంతోషించాము. అయితే 2020 సెప్టెంబరు 15న జరిగినదాన్ని కూడా గుర్తుచేసుకోవాలి. సివిల్ సర్వీసులలో ముస్లింలు కుట్రపూరితంగా చొరబడుతున్నారని ఆరోపించిన సుదర్శన్ టీవీ కార్యక్రమాన్ని ఆ రోజు సుప్రీంకోర్టు నిలిపివేసింది. అప్పుడూ సంతోషించాము. మరి ఒక చోట నియంత్రణ వద్దని, మరొక చోట కావాలని అనడం స్వార్థం కాదా?

కొలబద్ద ఒక్కటే అయితే కాదు. ఒక సమాజంపై ద్వేషం రగిలించే ప్రసారాన్ని ఆపవలసిందే. కానీ అభియోగం బహిరంగంగా ఉండాలి, ప్రసారకుని వాదన వినాలి, ఉత్తర్వుకు కారణం రాసి ఇవ్వాలి. మనకు నచ్చని ఛానల్‌కు కూడా ఈ హక్కు ఉండాలని కోరినప్పుడే మన మాటకు విలువ ఉంటుంది. మూసిన కవరును నేడు ఇతరుల విషయంలో అంగీకరిస్తే, రేపు అదే కవరు మన గుమ్మం ముందుకు వస్తుంది.

ఈ నియమం ఏలికలకే కాదు, ఇంటి పెద్దలకూ వర్తిస్తుంది. రాత్రి వార్తలలో ఒకరిని దోషి అనగానే పిల్లల ముందు మనమూ దోషి అంటున్నాము. రెండవ పక్షం ఏమన్నదో అడుగుతున్నామా? ఆ అలవాటు మన ఇంటి నుండే మొదలుకావాలి. నిష్పక్షపాతంగా వినే వివేకాన్ని అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక. ఆమీన్.