దేగ్చీ దించే చోటు

కోఠి పరిసరాల పాత ఇళ్లలో వంటగట్టు నల్లని కడపరాయితోనో షాబాద్ బండతోనో కనిపిస్తుంది. కొత్త ఫ్లాట్లలో గ్రానైట్ వచ్చింది, ఇటీవల క్వార్ట్జ్ కూడా చేరింది. అన్నీ రాళ్లే కదా అని పొయ్యి మీది దేగ్చీని తిన్నగా గట్టు మీదికి దించుతున్నాము.

గ్రానైట్ భూగర్భంలోని శిలాద్రవం చల్లారి ఏర్పడినది, వేడిని బాగా ఓర్చుకుంటుంది. అయినా ఒక్కచోటే హఠాత్తుగా వేడి తగిలితే, ముఖ్యంగా సింకు కోసం కోసిన మూలల వద్ద, నెర్రె విచ్చవచ్చు. కడపరాయి సున్నపురాయి జాతిది. దానికి వేడికన్నా నిమ్మరసం, చింతపులుసు పెద్ద శత్రువులు. అసలు భయం క్వార్ట్జ్‌తోనే. అందులో సుమారు 90 శాతం రాతి పలుకులు, మిగిలినది వాటిని పట్టి ఉంచే రెజిన్ అనే జిగురు. రాయి కాలదు, జిగురు కాలుతుంది. దాదాపు 150 డిగ్రీల వద్దనే అది చెడిపోవచ్చు. సమోసాలు వేగే నూనె వేడి 170, 180 డిగ్రీలు! అలా పడిన పసుపు మచ్చ ఎంత తోమినా పోదు.

రమజాన్‌లో మగ్రిబ్ అజాన్‌కు రెండు నిమిషాల ముందు బాణలి ఎక్కడ పెడుతున్నామో చూసుకునే తీరిక ఎవరికుంటుంది? కనుక అస్ర్ నమాజు కాగానే ఆ చోటు సిద్ధం చేసుకోవాలి. మన పెద్దలు కుండ కింద కుదురు వేసేవారు. కాళ్లున్న ఇనుప స్టాండు గానీ మందమైన చెక్కపీట గానీ ఆ పనే చేస్తుంది. తడి మసిగుడ్డ పనికిరాదు. తడి వేడిని త్వరగా కిందికి దించుతుంది, చేతినీ కాలుస్తుంది. పొయ్యికన్నా వెడల్పైన దేగులో హలీం గంటల తరబడి ఉడికిస్తే మంట సెగ కిందికి మళ్లి గట్టుకు తగులుతుంది. అంతటి వంటకు నేలపై పెట్టే విడి పొయ్యే మేలు.

మనలో ఎందరమో అద్దె ఇళ్లలో ఉన్నాము. ఆ గట్టు యజమాని సొత్తు, మన చేతిలో అమానత్. అమానతులను హక్కుదారులకు అప్పగించమని దివ్య ఖుర్ఆన్ ఆదేశం (4:58). వాడుకలో సహజంగా అరిగినదానికి కాక, తన నిర్లక్ష్యం వల్ల కలిగిన నష్టానికే అద్దెదారు బాధ్యుడని ఫిఖ్‌హ్ పండితులు వివరించారు. తెలిసి తెలిసి కాగే బాణలిని గట్టుపై పెట్టడం ఏ కోవకు వస్తుందో వేరే చెప్పాలా? మచ్చ పడితే దానిపై బియ్యం డబ్బా జరిపి దాచకుండా యజమానికి ముందే తెలపాలి. ఇంట్లో చేరే నాడే అది ఏ రాయో అడిగి, పాత మచ్చలను ఇద్దరూ కలిసి చూసి ఫొటో తీసుకుంటే, ఖాళీ చేసే నాడు అడ్వాన్సు దగ్గర మాటామాటా పెరగదు.