పట్టణ క్షేమమే మన క్షేమం

పాలకుడు మనవాడైతే చాలు, పాలన ఎలా ఉన్నా సర్దుకుపోదామనుకోవడం మనిషికి అనాదిగా ఉన్న బలహీనత. మనవాడు కాకపోతే అతడు ఏం చేసినా తప్పు పట్టడం అదే బలహీనతకు రెండో ముఖం. అమెరికాలోని న్యూయార్క్ నగరానికి 2025లో జరిగిన మేయర్ ఎన్నిక ఈ రెండు ముఖాలనూ బయటపెట్టింది. సముద్రాల ఆవల జరిగిన ఎన్నికతో మనకేం పని అని కొందరికి అనిపించవచ్చు. కానీ అది లేవనెత్తిన ప్రశ్న ప్రతి విశ్వాసిదీ, ప్రతి సంఘానిదీ. పాలకుణ్ణి మనం ఏ కొలబద్దతో కొలుస్తున్నాం? అతని పేరుతోనా, అతని పనితోనా?

ముందుగా జరిగింది చూద్దాం. నవంబరు 4న జరిగిన పోలింగులో డెమొక్రాటిక్ పార్టీ అభ్యర్థి జోహ్రాన్ మమ్దానీ సగానికి కొద్దిగా పైగా ఓట్లు సాధించి గెలిచారు. స్వతంత్రుడిగా నిలబడిన మాజీ గవర్నర్ ఆండ్రూ క్యూమోకు దాదాపు 41 శాతం, రిపబ్లికన్ అభ్యర్థి కర్టిస్ స్లివాకు దాదాపు 7 శాతం ఓట్లు వచ్చాయి. 20 లక్షలకు పైగా ఓట్లు పోలయ్యాయి. 1969 తర్వాత ఆ నగర మేయర్ ఎన్నికలో ఇంతమంది ఓటు వేయడం ఇదే మొదటిసారి. మమ్దానీకి అప్పటికి 34 ఏళ్లు. ఉగాండా రాజధాని కంపాలాలో పుట్టి, ఏడేళ్ల వయసులో న్యూయార్క్ చేరి, 2018లో అమెరికా పౌరసత్వం పొందారు. తల్లి సినీ దర్శకురాలు మీరా నాయర్, తండ్రి ప్రొఫెసర్ మహమూద్ మమ్దానీ. 2026 జనవరి 1న ఖురాన్‌పై చేయి ఉంచి ప్రమాణం చేసిన ఆయన ఆ నగరానికి మొట్టమొదటి ముస్లిం మేయర్.

ఈ చివరి మాట దగ్గరే చాలామంది ఆగిపోయారు. అందుకు కారణం లేకపోలేదు. 2001 సెప్టెంబరు 11 దాడుల్లో 2,700 మందికి పైగా ప్రాణాలు పోగొట్టుకున్న నగరమది. ఆ గాయం ఇంకా పూర్తిగా మానలేదు. ప్రచారం చివరి రోజుల్లో ఆ గాయాన్నే రేపి ఓట్లు రాబట్టే ప్రయత్నమూ జరిగింది. అక్టోబరు 24న మమ్దానీ బ్రాంక్స్‌లోని ఒక మసీదు ముందు నిలబడి, ఆ దాడుల తర్వాత తమ బంధువైన ఒక స్త్రీ తలపై ముసుగుతో సబ్‌వే రైలెక్కడానికి భయపడి ప్రయాణమే మానుకుందని కన్నీళ్లతో చెప్పారు. ఒకే సంఘటన ఒకరికి ఆప్తుల మరణాన్ని, మరొకరికి చేయని నేరానికి అనుమానపు చూపును మిగిల్చింది. రెండూ నిజమైన బాధలే. క్రీస్తును ఎరిగినవారు ఈ రెంటిలో ఒక్కదానికే కన్నీరు కార్చలేరు.

మరి ముస్లిం అయిన మేయర్ గురించి ఆ నగరంలోని క్రైస్తవుడు ఎలా ఆలోచించాలి? ఈ ప్రశ్నకు ఇరవై ఆరు శతాబ్దాల క్రితమే యిర్మీయా ప్రవక్త ఒక ఉత్తరంలో జవాబు రాశాడు. యెరూషలేము నుంచి బబులోనుకు చెరపట్టబడిన ప్రజలకు ఆయన పంపిన ఆ లేఖ యిర్మీయా 29వ అధ్యాయంలో ఉంది. త్వరలోనే తిరిగి వెళ్లిపోతామని కలలు కనవద్దని, అక్కడే ఇళ్లు కట్టుకుని కాపురాలు చేసుకోమని, తమను చెరపట్టిన ఆ పట్టణం కోసమే ప్రార్థించమని, అది చల్లగా ఉంటేనే తామూ చల్లగా ఉంటామని ఆ లేఖ సారాంశం. ఆ పట్టణాన్ని ఏలినది దావీదు వంశీకుడు కాదు, నెబుకద్నెజరు. అయినా రాజు మనవాడు కాదు గనుక ఆ ఊరితో మనకు సంబంధం లేదని ప్రవక్త చెప్పలేదు. పట్టణ క్షేమాన్ని వెదకడమే దేవుని ప్రజల పని అన్నాడు.

ఆ కొలబద్దతో చూస్తే న్యూయార్క్ ఎన్నికలో అసలు విషయం వేరే ఉంది. దాని పేరు ఇంటి అద్దె. దాదాపు 85 లక్షల జనాభా ఉన్న ఆ నగరం ప్రపంచ సంపదకు రాజధాని లాంటిది. అక్కడే ఉపాధ్యాయులు, నర్సులు, వంటవాళ్లు, డ్రైవర్లు అద్దె కట్టలేక ఊరొదిలి పోతున్నారు. దాదాపు 10 లక్షల ఇళ్ల అద్దె ఏటా ఎంత పెరగాలో నిర్ణయించే బోర్డు ఒకటి అక్కడుంది. అందులోని తొమ్మిదిమంది సభ్యులనూ నియమించేది మేయరే. ఆ ఇళ్ల అద్దెలు పెరగకుండా చూస్తానని, సిటీ బస్సుల్లో టికెట్ లేకుండా చేస్తానని, పసిపిల్లల సంరక్షణ అందరికీ ఉచితం చేస్తానని, నగరమే కొన్ని కిరాణా దుకాణాలు నడిపేలా చూస్తానని మమ్దానీ వాగ్దానం చేశారు. ప్రచారమంతా ఈ నాలుగు మాటల చుట్టూనే తిరిగింది. అద్దె కట్టే రోజు దగ్గరపడుతుంటే నిద్రపట్టని ఇంట్లో ఈ మాటలు ఎలా వినిపించి ఉంటాయో, అద్దె కొంపల్లో పిల్లల్ని పెంచిన మన తల్లిదండ్రులను అడిగితే చెబుతారు.

నెహెమ్యా గ్రంథం 5వ అధ్యాయం తెరవండి. యెరూషలేము గోడ లేస్తున్న రోజులవి. గోడ పని సాగుతుండగానే పేదల ఇళ్లల్లోంచి ఏడుపు వినిపించింది. తిండిగింజల కోసం పొలాలు, ద్రాక్షతోటలు, ఇళ్లు తాకట్టు పెట్టామని, చివరికి కన్నబిడ్డలనే దాస్యానికి అప్పగించాల్సి వస్తోందని వాళ్లు మొరపెట్టారు. అధికారిగా ఉన్న నెహెమ్యా, ముందు గోడ పూర్తి కానివ్వండి, మీ సంగతి తర్వాత చూద్దామనలేదు. వడ్డీకిచ్చిన పెద్దలను సభలో నిలబెట్టి తాకట్టు సొత్తు తిరిగి ఇప్పించాడు. ప్రజల మీద భారం ఎక్కువగా ఉందని అధికారిగా తనకు రావలసిన భత్యాన్ని పన్నెండేళ్లపాటు ముట్టలేదు. గోడ ఎంత ఎత్తుగా ఉన్నా, లోపల పేదవాడు ఏడుస్తుంటే అది క్షేమమైన పట్టణం కాదని నెహెమ్యాకు తెలుసు.

2021లో న్యూయార్క్ ట్యాక్సీ డ్రైవర్ల విషయంలోనూ ఇలాంటి మొరే వినిపించింది. ట్యాక్సీ లైసెన్సు కొనడానికి చేసిన అప్పులు కొండల్లా పెరిగి వారిని మింగేశాయి. ఒకప్పుడు ఒక్కో లైసెన్సు ధర 10 లక్షల డాలర్ల దాకా వెళ్లి, ఆ తర్వాత కుప్పకూలింది. వారిలో ఎందరో మన ఉపఖండం నుంచి వెళ్లినవారే. అప్పట్లో రాష్ట్ర శాసనసభ్యుడిగా ఉన్న మమ్దానీ వారితోపాటు 15 రోజులు నిరాహారదీక్ష చేశారు. చివరికి అప్పులు తగ్గించే ఒప్పందం కుదిరింది. ఆయనను నెహెమ్యాతో పోల్చడం మా ఉద్దేశం కాదు. పేదవాడి అప్పు గురించి ఎవరు పట్టించుకున్నా, ఆ మేరకు అది దేవుడు మెచ్చే పనేనని ఒప్పుకోవడానికి మనం వెనుకాడకూడదనే మా మాట.

దీనికి ఎదురుగా మరో పాఠం కూడా ఉంది. మమ్దానీకి ముందు మేయరుగా ఉన్న ఎరిక్ ఆడమ్స్ తన క్రైస్తవ విశ్వాసాన్ని బాహాటంగా చాటుకున్నారు. 2023 ఫిబ్రవరిలో సర్వమత ప్రార్థన విందులో, మతానికీ ప్రభుత్వానికీ మధ్య గోడ ఉండాలన్న వాదనను కొట్టిపారేశారు. బడుల్లోంచి ప్రార్థన వెళ్లిపోయాకే తుపాకులు వచ్చాయన్నారు. ఎన్నో సంఘాలు ఆ మాటలకు ఆమేన్ అని ఉంటాయి. 2024 సెప్టెంబరులో ఆయనపై లంచం, మోసం ఆరోపణలతో కేంద్ర ప్రభుత్వ న్యాయవాదులు అభియోగాలు మోపారు. ఆయన వాటిని ఖండించారు. ప్రభుత్వమే కోరడంతో 2025 ఏప్రిల్‌లో కోర్టు ఆ కేసును కొట్టివేసింది. కాబట్టి ఆయన దోషి అనే హక్కు మనకు లేదు. కానీ నగరం నమ్మకాన్ని పోగొట్టుకుని, 2025 సెప్టెంబరులో ఆయన పోటీ నుంచే తప్పుకున్నారు. నోట దేవుని పేరు పలికేవాడని పాలకుణ్ణి తూకం వేయకుండా వదిలేస్తే చివరికి చులకనయ్యేది ఆ పేరే.

ఇక్కడ న్యూయార్క్ పుట్టినప్పటి ఒక సంగతి గుర్తు చేసుకోవాలి. అప్పుడది హాలెండు దేశస్థుల వలస ప్రాంతం. గవర్నర్ పీటర్ స్టైవెసెంట్ పాస్టరు కొడుకే. తమ సంఘానిది తప్ప మరో ఆరాధన ఆయన సహించలేదు. 1654లో బ్రెజిల్ నుంచి 23 మంది యూదులు ఆశ్రయం కోరి వస్తే వెళ్లగొట్టాలని చూశాడు. క్వేకర్లనే క్రైస్తవులకు ఎవరూ ఇంట్లో చోటివ్వకూడదని ఆజ్ఞాపించాడు. అప్పుడు ఫ్లషింగ్ అనే చిన్న ఊరి వాసులు సుమారు 30 మంది 1657 డిసెంబరు 27న గవర్నరుకు ఒక విన్నపం రాశారు. సంతకం చేసినవాళ్లు క్వేకర్లు కాదు. అయినా క్వేకర్లనే కాదు, యూదులనూ తురుష్కులనూ సైతం ప్రేమతో చూడాలన్నదే క్రీస్తు బోధ అని, ఆ ఆజ్ఞను తాము పాటించలేమని తెగేసి చెప్పారు. తురుష్కులంటే ఆ రోజుల భాషలో ముస్లింలు. విన్నపం రాసిన ఊరి గుమాస్తా జైలుకెళ్లాడు. కొన్నేళ్లకు జాన్ బౌన్ అనే ఫ్లషింగ్ నివాసి తన ఇంట్లో క్వేకర్ల కూటం జరగనిచ్చాడని దేశబహిష్కరణకు గురై ఆమ్‌స్టర్‌డామ్‌లో మొరపెట్టుకోగా, మనస్సాక్షిని బలవంతం చేయవద్దని 1663లో కంపెనీ అధికారులే గవర్నరును మందలించారు. ఆ ఫ్లషింగ్ ఇప్పుడు క్వీన్స్ ప్రాంతంలో ఉంది. మమ్దానీ శాసనసభ్యుడిగా గెలిచిందీ ఆ క్వీన్స్ నుంచే. ముస్లింల మనస్సాక్షి కోసం సైతం నిలబడ్డ ఆ తొలి క్రైస్తవులు విశ్వాసాన్ని సడలించుకోలేదు, విశ్వాసాన్ని బట్టే నిలబడ్డారు.

అయితే ఒక భయాన్ని తేలిగ్గా తీసిపారేయకూడదు. ఇజ్రాయెల్ తర్వాత యూదులు అత్యధికంగా నివసించే నగరం న్యూయార్క్. ఇజ్రాయెల్ ప్రభుత్వాన్ని మమ్దానీ తీవ్రంగా విమర్శిస్తారు. యూదులను భయపెట్టే ఒక నినాదాన్ని ఆయన మొదట్లో సూటిగా ఖండించలేదు, తర్వాత దాన్ని వాడవద్దని చెబుతానన్నారు. దేశవ్యాప్తంగా వెయ్యిమందికి పైగా రబ్బీలు తమ ఆందోళనను బహిరంగ లేఖలో తెలిపారు. యూదు ఓటర్లలో ఎక్కువమంది క్యూమో వైపు మొగ్గారు. అదే సమయంలో మరో దృశ్యమూ కనిపించింది. జూన్‌లో జరిగిన డెమొక్రాటిక్ పార్టీ అభ్యర్థి ఎంపికలో ఓటరు ఐదుగురి దాకా వరుసక్రమంలో ఎంచుకోవచ్చు. అందులో పోటీపడిన యూదుడు బ్రాడ్ ల్యాండర్, మమ్దానీ ఇద్దరూ ఒకరికి మొదటి స్థానమిస్తే రెండో స్థానం మరొకరికి ఇమ్మని ఓటర్లను కోరారు. యూదు వృద్ధులు భయం లేకుండా సమాజ మందిరానికి నడిచి వెళ్లగలిగితేనే మమ్దానీ పాలన నిలిచినట్టు. సంఘం ఆయనను ఆ లెక్క అడగాలి.

మరి సంఘం తన ప్రసంగ వేదికను ఏం చేయాలి? హార్లెమ్‌లోని అబిస్సీనియన్ బాప్టిస్టు సంఘ కాపరి ఆడమ్ క్లేటన్ పావెల్ జూనియర్ 1941లో నగర కౌన్సిలుకు, 1944లో అమెరికా కాంగ్రెస్‌కు ఎన్నికయ్యారు. నల్లజాతివారికి ఉద్యోగాలివ్వని దుకాణాల ముందు సంఘస్థులను నిలబెట్టి పోరాడిన కాపరి ఆయన. పేదల పక్షాన నోరు తెరవడం సంఘానికి తగిన పనే. ఓట్ల మూట కట్టి ఒక అభ్యర్థికి అప్పగించడం మాత్రం వేరు. 1954 నాటి చట్టం ప్రకారం పన్ను మినహాయింపు పొందే చర్చిలు అభ్యర్థులను బలపరచకూడదు. 2025 జులైలో ఆ దేశ పన్నుల శాఖ ఒక కోర్టు కేసులో, ఆరాధనలో తమ సంఘానికి చెప్పుకునే మాటలకు ఇది వర్తించదని వాదించింది. చట్టం తలుపు తీసినంత మాత్రాన కాపరి అందులోంచి నడవనక్కర్లేదు. గెలిచిన అభ్యర్థికి రుణపడిన వేదిక, రేపు అతణ్ణి గద్దించలేదు. నాతాను ప్రవక్త దావీదును నిలదీయగలిగింది దావీదు దగ్గర బాకీ లేకపోబట్టే.

వాగ్దానాలన్నీ నెరవేరడం తేలిక కాదు. అద్దెల పెంపు నిలిపివేయడం కొత్తేమీ కాదు, 2015, 2016, 2020 సంవత్సరాల్లో ఆ బోర్డు ఆ పని చేసింది. కానీ మరమ్మతుల ఖర్చు ఎవరు పెడతారన్న ఇళ్ల యజమానుల ప్రశ్న న్యాయమైనదే. బస్సులు నడిపే సంస్థ రాష్ట్ర ప్రభుత్వం చేతిలో ఉంది. ధనికులపై ఆదాయపు పన్ను పెంచాలన్నా రాష్ట్రం ఒప్పుకోవాలి. పేదలకిచ్చిన మాట తప్పడం, ఆ మాట ఇవ్వకపోవడం కంటే పెద్ద దోషం. అందుకే పొగడ్త కంటే, శాపనార్థాల కంటే ప్రార్థన, నిఘా ఎక్కువ అవసరం. పాలకులందరి కోసం ప్రార్థించమని పౌలు తిమోతికి రాసిన కాలంలో రోము క్రైస్తవ రాజ్యం కాదు.

ఆ నగరంలోనూ పక్కనున్న న్యూజెర్సీలోనూ మన తెలుగు కుటుంబాలు, తెలుగు సంఘాలు ఉన్నాయి. అదే నవంబరు 4న హైదరాబాద్‌లో పుట్టిన గజాలా హష్మీ వర్జీనియా రాష్ట్రానికి లెఫ్టినెంట్ గవర్నరుగా ఎన్నికయ్యారు. పరాయి నేలపై అల్పసంఖ్యాకుల బిడ్డలకు గౌరవం దక్కితే మనం సంతోషిస్తాం. మన నేలపై మనమే అల్పసంఖ్యాకులం. పేరును బట్టి గాక పనిని బట్టి తూచమని మన పొరుగువారిని కోరుకుంటాం. ఇతరులు మనకు ఏం చేయాలని కోరుకుంటామో అదే ఇతరులకు చేయమన్న ప్రభువు ఆజ్ఞ ఓటు పెట్టె దగ్గర ఆగిపోదు.

కాబట్టి ప్రియులారా, ఈసారి మన ఊరి వార్డు సభ్యుడి నుంచి పైస్థాయి పాలకుడి వరకు ఎవరి పేరు విన్నా, అతను మనవాడా అని అడిగే ముందు మరో ప్రశ్న వేసుకుందాం. ఇతని పాలనలో మా వీధిలోని విధవరాలు నిశ్చింతగా నిద్రపోగలదా? ఆ ప్రశ్న అడగడం నేర్చుకున్న సంఘమే పట్టణానికి ఉప్పు, వెలుగు. ఏ ఊళ్లో ఉన్నా ఆ ఊరి క్షేమాన్ని వెదకే కృపను ప్రభువు మనకు దయచేయును గాక.