రాత్రి మిగిలిన నూడుల్స్ పొద్దున తినవచ్చా?

పాడ్ థాయ్ అంటే థాయిలాండ్ వారి బియ్యపు నూడుల్స్ వేపుడు. అందులో వేసే చింతపండు, వేరుశెనగపప్పు మన చిత్తూరు, తిరుపతి వంటిళ్లకు కొత్తవి కావు. వారి తాటిబెల్లానికి బదులు మన చెరకు బెల్లం వేసి మీరూ చేసుకోవచ్చు. రక్తపోటు ఉన్నవారు మాత్రం ఉప్పగా ఉండే సాస్‌లు బాగా తగ్గించాలి.

"రాత్రి మిగిలింది పొద్దున మళ్ళీ వేయించి పిల్లల టిఫిన్ డబ్బాలో పెడితే ఏం?" అని మీరు అడగవచ్చు. అది ప్రమాదం. బియ్యంలో ఉండే బాసిలస్ సెరియస్ అనే సూక్ష్మజీవి బీజాలు ఉడికించినా చావవు. వండినది గంటల తరబడి బయట ఉంటే అవి పెరిగి విషం పుట్టిస్తాయి. వాంతులు కలిగించే ఆ విషం ఎంత వేయించినా పోదు. తిన్న 1 నుంచి 6 గంటలలో వాంతులు పట్టుకుంటాయి. రాత్రి అన్నంతో చేసే చిత్రాన్నానికీ ఇదే వర్తిస్తుంది.

కనుక ఏ పూటకు కావలసినంత ఆ పూటే నానబెట్టి వేయించండి. మిగిలితే 2 గంటలలోపు, మన ఎండాకాలంలో గంటలోపే, ఫ్రిజ్‌లో పెట్టండి. మర్నాడు పొగలు వచ్చేలా వేడిచేసి ముగించండి. ఫ్రిజ్ లేకపోతే అసలు మిగల్చకండి.

వాంతులైతే ఓ.ఆర్.ఎస్. నీళ్లు కొద్దికొద్దిగా పట్టండి. బిడ్డ మగతగా పడి ఉన్నా, మూత్రం తగ్గినా ఆలస్యం చేయక డాక్టరుకు చూపించండి.