ప్రశ్న కూడా అచ్చు కావాలి

1999 జూలై నుంచి 2000 జూన్ దాకా జాతీయ నమూనా సర్వే సంస్థ 55వ విడత వినియోగ వ్యయ సర్వే చేసింది. దేశంలో పేదలెందరో తేల్చడానికి మనకు ఆధారం ఈ సర్వేలే. ఇంటింటికీ వెళ్ళి బియ్యం ఎంత వాడారు, పప్పు ఎంత, నూనె ఎంత, కూరగాయలకు ఎంతయింది అని అడుగుతారు. దశాబ్దాలుగా ఆ అడిగే తీరు ఒకటే: గత ముప్ఫై రోజుల్లో ఎంత? ఆ ఏడాది మాత్రం తిండి సరుకులకు ఒకే కాగితం మీద పక్కపక్కనే రెండు గడులు పెట్టారు. ఒకటి ఏడు రోజుల లెక్కకు, ఇంకొకటి ముప్ఫై రోజుల లెక్కకు. ఫలితాలు వచ్చేసరికి 1993-94లో నూటికి 36 మందిగా ఉన్న పేదలు 26కు తగ్గినట్టు తేలింది. ఆరేళ్ళలో నూటికి పదిమంది పేదరికం దాటారంటే చిన్న సంగతి కాదు. కానీ ఆ మాట నమ్మాలో వద్దో ఎవరికీ తెలియలేదు.

అనుమానానికి కారణం అంతకుముందే ఉంది. 1994 నుంచి 1998 దాకా, 51వ విడత మొదలు 54వ విడత వరకు, ఆ సంస్థే ఒక ప్రయోగం చేసింది. కొన్ని ఇళ్ళను పాత పద్ధతిలో ముప్ఫై రోజుల లెక్క అడిగింది. మరికొన్ని ఇళ్ళను తిండి సరుకులకు ఏడు రోజుల లెక్క అడిగింది. ఏ ఇంటికి ఏ కాగితం పోవాలన్నది చీటీ వేసినట్టు నిర్ణయమైంది కాబట్టి రెండు రకాల ఇళ్ళకూ పెద్ద తేడా ఉండే అవకాశం లేదు. అయినా ఏడు రోజుల లెక్క చెప్పిన ఇళ్ళు ఎక్కువ తిన్నట్టు తేలింది. ఆ లెక్కనే పట్టుకుంటే దేశంలో పేదల సంఖ్య దాదాపు సగానికి పడిపోతుంది. ఎవరి కంచంలోనూ ఒక్క ముద్ద పెరగలేదు. అడిగే గడువు మారింది, అంతే. ఇక 55వ విడతలో రెండు గడులూ ఒకే మనిషి ముందు పెట్టడంతో, వారం లెక్క చెప్పిన నోటితోనే నెల లెక్కా చెప్పాల్సి వచ్చింది. ఒకదానికొకటి పొంతన కుదరాలని చెప్పేవాళ్ళకూ అనిపిస్తుంది, రాసుకునేవాళ్ళకూ అనిపిస్తుంది. అలా ముప్ఫై రోజుల గడిలోని అంకె కూడా పాత అంకెలతో పోల్చడానికి వీల్లేకుండా పోయిందని విమర్శకులన్నారు. ఆంగస్ డీటన్, జాఁ ద్రేజ్ వంటి ఆర్థికవేత్తలు ఆ అంకెల్ని సరిచేసే దారులు వెతికారు. ఆ వాదవివాదాలన్నీ కలిసి 2005లో ఒక పెద్ద పుస్తకమే అయింది.

ఒక సాహిత్య పత్రికకు ఈ సంగతితో పనేమిటని కొందరు పాఠకులు అనుకోవచ్చు. మా ఉద్దేశంలో చాలా పని ఉంది. సమాజ శాస్త్రాలకు ముడిసరుకు మనిషి జ్ఞాపకం. కథకూ నవలకూ ఆత్మకథకూ అదే. ఆ జ్ఞాపకం తనంతట తాను బయటికి రాదు. ఎవరో వచ్చి, ఏదో అడిగితే, ఆ అడిగినదానికి తగినంత మేరకే వస్తుంది. బియ్యం సంచి నెలకోసారి ఇంటికొస్తుంది కాబట్టి దాని లెక్క నెలకు చెప్పడం తేలిక. సంతలో కొన్న వంకాయలు నాలుగు రోజులకే మనసులోంచి జారిపోతాయి. పండగ వారంలో అడిగితే ఒక మాట, పనుల్లేని వారంలో అడిగితే ఇంకో మాట. ఇంటాయనను అడిగితే నూనె ధర తెలుస్తుందేమో గాని ఏ పూట ఎవరు తినకుండా పడుకున్నారో ఇంటావిడకే తెలుస్తుంది. సంఖ్యాశాస్త్రంలో మహలనోబిస్ వంటి దిగ్గజం ఈ గడువుల సంగతిని 1950ల తొలినాళ్ళలోనే పరీక్షకు పెట్టి ముప్ఫై రోజుల వైపు మొగ్గాడు. అర్ధశతాబ్దం గడిచాక మళ్ళీ అదే ప్రశ్న దగ్గరికి రావడం శాస్త్రం ఓడిపోయిందనడానికి గుర్తు కాదు. ప్రశ్నను దాచకుండా బయట పెట్టడం వల్లనే ఆ తగాదా సాధ్యమైంది. ఏ గడువు అడిగారో ఎవరికీ తెలియకపోతే నూటికి 26 అన్న అంకె శిలాశాసనమై కూర్చునేది.

జాతీయ నమూనా సర్వే సంస్థ ఉపాధి సర్వేల్లోనూ ఇదే చిక్కు. వాటిలో 92, 93 అని రెండు సంకేతాలున్నాయి. ఇంటిపని మాత్రమే చేసేవాళ్ళు 92. ఇంటిపనితో పాటు కట్టెలు, ఆకుకూరలు, పశువుల మేత ఏరి తెచ్చేవాళ్ళు, ఇంటి అవసరానికి బట్టలు కుట్టేవాళ్ళు 93. ఈ రెండు గడుల్లో పడ్డవాళ్ళెవరూ శ్రామికుల లెక్కలోకి రారు. "పనేమైనా చేస్తారామ్మా?" అని అడిగితే, తెల్లవారుజామున పేడ తీసి, పాలు పితికి, చేనికి సద్ది మోసి, సాయంత్రం గడ్డిమోపుతో తిరిగొచ్చిన ఆమె "ఏం పని సారూ, ఇంటికాడనే ఉంట" అంటుంది. ఆమె అబద్ధమాడటం లేదు. పని అంటే కూలి వచ్చేదని ఆ అడిగిన మాటలోనే ఉంది. అదే మనిషిని "పొద్దున లేచింది మొదలు ఏమేం చేశారో వరసగా చెప్పండి" అని అడిగితే వేరే జీవితం బయటికొస్తుంది. అలా అడిగే కాలవినియోగ సర్వే మన దేశంలో 1998-99లో ఆరు రాష్ట్రాల్లో జరిగింది. వాటిలో ఆంధ్రప్రదేశ్ లేదు. దేశమంతటా జరగడానికి 2019 రావాల్సి వచ్చింది.

అడిగేవాళ్ళు ఎందుకొచ్చారని జనం అనుకుంటున్నారో కూడా జవాబులో కలుస్తుంది. 2014 ఆగస్టు 19న తెలంగాణలో ఒక్కరోజులో జరిగిన సమగ్ర కుటుంబ సర్వే గుర్తుండే ఉంటుంది. ముంబై నుంచి, భీవండి నుంచి కూడా బస్సులెక్కి సొంతూళ్ళకు వచ్చినవాళ్ళున్నారు. లెక్కలో లేకపోతే రేషన్ కార్డు పోతుందేమో, పింఛను ఆగుతుందేమోనన్న భయం వాళ్ళను నడిపించింది. అలాంటి రోజున భూమి ఎంత, ఇంట్లో ఎందరు అని అడిగినప్పుడు మనిషి ముందు తన బతుకు చూసుకుంటాడు. తప్పు అతనిది కాదు. ఆ జవాబుల్ని తర్వాత చదివేవాళ్ళకు మాత్రం ఆ రోజు ఊళ్ళో గాలి ఎలా ఉందో తెలియాలి.

సర్వేల్లోనే కాదు, ఇంటర్వ్యూల్లోనూ అడిగే మనిషి ముఖ్యమే. 1986లో హైదరాబాదులోని స్త్రీశక్తి సంఘటన అనే బృందం తెచ్చిన 'మనకు తెలియని మన చరిత్ర' తెలుగులో వచ్చిన సమాజ పరిశోధనల్లో అగ్రశ్రేణిది అని మా నమ్మకం. తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీలను వెతుక్కుంటూ వెళ్ళి, వాళ్ళ మాటల్ని టేపుల మీదికి ఎక్కించి చేసిన పుస్తకమది. చాకలి ఐలమ్మ, మల్లు స్వరాజ్యం, దూడల సాలమ్మ, కమలమ్మ అందులో తమ నోటితో తామే మాట్లాడతారు. అంతకుముందు నాయకులు రాసిన పోరాట చరిత్రల్లో స్త్రీలు లేకపోలేదు. ఉన్నారు, త్యాగమూర్తులుగా, సహాయకులుగా ఉన్నారు. ఈ పుస్తకంలో మొదటిసారి దళంలో వంట ఎవరు చేశారు, పెళ్ళిళ్ళు ఎవరు నిశ్చయించారు, 1951లో పోరాటం విరమించాక ఇంటికి పొమ్మన్నప్పుడు ఏమనిపించింది వంటి సంగతులు పోరాటంలోని భాగంగా నిలబడ్డాయి. దళంతో అడవిలో తిరుగుతూ కన్న బిడ్డను వదులుకోవాల్సి వచ్చిన కమలమ్మ కథ ముప్ఫై ఐదేళ్ళపాటు ఆమె దగ్గరే ఉంది. అడిగినవాళ్ళు లేరు.

అడిగినవాళ్ళు వచ్చింది 1980ల్లో, స్త్రీ ఉద్యమంలోంచి. నగరంలో ఉండే చదువుకున్న స్త్రీలు వాళ్ళు. వాళ్ళకు తమ ప్రశ్నలున్నాయి: ఉద్యమంలో ఆడవాళ్ళ చోటేమిటి, గెలుపు ఎవరిది? ఆ ప్రశ్నలు లేకపోతే ఆ పుస్తకం లేదు. ఆ ప్రశ్నల వల్లనే కొన్ని సంగతులు పైకి తేలి కొన్ని అడుగున ఉండిపోయి ఉంటాయన్నదీ అంతే నిజం. ఒక కమ్యూనిస్టు చరిత్రకారుడు వెళ్ళి ఉంటే దాడుల తేదీలు అడిగేవాడు. సొంత మనవరాలు అడిగి ఉంటే ఇంకేదో చెప్పేవారు. ఇది ఆ పుస్తకానికి లోపం కాదు, దాన్ని చదవాల్సిన తీరు.

జ్ఞాపకం తేదీలు తప్పుతుంది, దాన్ని ఎలా నమ్ముతామని మౌఖిక చరిత్రను కొట్టిపారేసేవాళ్ళు మన విశ్వవిద్యాలయాల్లో ఇప్పటికీ ఉన్నారు. వాళ్ళు ఇటలీ పండితుడు అలెస్సాండ్రో పోర్తెల్లీ పనిని చూడాలి. తెర్నీ అనే ఉక్కు కర్మాగారాల పట్నంలో 1949 మార్చి 17న నాటో ఒప్పందానికి వ్యతిరేకంగా కార్మికులు ఊరేగింపుగా బయటికొచ్చినప్పుడు పోలీసుల చేతిలో లుయీజీ త్రాస్తుల్లి అనే 21 ఏళ్ళ కార్మికుడు చనిపోయాడు. కానీ చాలామంది కార్మికులు పోర్తెల్లీకి ఆ చావును 1953లో జరిగినట్టు చెప్పారు. ఆ ఏడాది కర్మాగారంలోంచి పెద్ద ఎత్తున తీసివేతలు జరిగాయి, పట్నం వీధుల్లో పోరాటం జరిగింది. తమ తోటివాడు చనిపోతే ఏమీ చేయలేకపోయామన్న అవమానాన్ని మోయలేక, తాము ఎదురు తిరిగిన రోజుల్లోకి ఆ చావును తెచ్చి పెట్టుకున్నారని పోర్తెల్లీ గ్రహించాడు. చావు తేదీకి దస్తావేజు ఉంది, అది చాలు. ఊరి మనసులో ఆ చావు బరువెంతో చెప్పడానికి ఆ తప్పు తేదీ తప్ప వేరే సాక్ష్యం లేదు. ఇంటర్వ్యూ అన్నది ఇద్దరు కలిసి చేసేదని, అడిగినవాణ్ణి చెరిపేస్తే సగం ఆధారం పోతుందని కూడా ఆయన గట్టిగా వాదించాడు.

మన దగ్గర ఆ చెరిపివేత రివాజుగా మారింది. సిద్ధాంత గ్రంథం అనుబంధంలో ఉన్న ప్రశ్నావళి పుస్తకంగా వచ్చేటప్పటికి మాయమవుతుంది, పేజీలు తగ్గుతాయని. క్షేత్ర పర్యటనలో సేకరించామని ఒక వాక్యం మిగులుతుంది. ఇంటర్వ్యూలను ఆత్మకథలా మలిచి, అడిగిన మనిషి ఊసే లేకుండా వేస్తారు. అలా చేయనక్కర్లేదని చూపినవాళ్ళు మనలోనే ఉన్నారు. ఆంధ్రప్రదేశ్ సాహిత్య అకాడమీ 1962లో వేసిన మాండలిక వృత్తి పదకోశం మొదటి సంపుటం, వ్యవసాయ పదాలది, భద్రిరాజు కృష్ణమూర్తి చేసినది, తీసి చూడండి. ఏ మాట ఏ ప్రాంతంలో దొరికిందో పక్కనే గుర్తు ఉంటుంది. అరవై ఏళ్ళు దాటాక కూడా ఎవరైనా ఆ ఊళ్ళకు పోయి సరిచూసుకోవచ్చు. పరిశోధనకు అంతకన్నా నిజాయితీ ఏముంటుంది?

అందుకే మా పత్రిక ఒక నిర్ణయం తీసుకుంది. వచ్చే సంచిక నుంచి సర్వే మీదగాని, ఇంటర్వ్యూ మీదగాని ఆధారపడిన ప్రతి వ్యాసంతో పాటు అడిగిన ప్రశ్నలు వేస్తాం. ఏ భాషలో, ఏ యాసలో అడిగారో, ఎవరు అడిగారో, ఎక్కడ కూర్చుని అడిగారో, ఆ సమయంలో పక్కన ఇంకెవరున్నారో రచయితలు రాసి పంపాలి. అత్త ముందు కోడలు చెప్పినది, సర్పంచి ముందు కూలి చెప్పినది అని తెలిస్తే పాఠకుడు ఆ జవాబును వేరుగా చదువుతాడు. చెప్పినవాళ్ళ పేర్లు, ఊళ్ళు బయటపడితే వాళ్ళకు ఇబ్బంది అనుకున్నచోట మార్చండి, మార్చామని చెప్పండి. ఇందుకు అదనపు పేజీలు ఇస్తాం.

మరో విన్నపం ఉంది. మన రెండు రాష్ట్రాల్లో సర్వేల కాగితాలు పట్టుకుని ఇల్లిల్లూ తిరిగినవాళ్ళు వేలల్లో ఉన్నారు: ప్రభుత్వ బడి టీచర్లు, అంగన్‌వాడీ టీచర్లు, ఆశా కార్యకర్తలు, కాంట్రాక్టు మీద పనిచేసే కుర్రాళ్ళు. నివేదికల మీద వాళ్ళ పేర్లుండవు. ఏ ప్రశ్న దగ్గర జనం నవ్వారో, ఎక్కడ తలుపేసుకున్నారో, ఏ జవాబు ఏ గడిలోనూ పట్టకపోతే చివరికి ఏం రాసుకున్నారో వాళ్ళకే తెలుసు. వాళ్ళు రాయాలి. ఒక పేజీ అయినా సరే, తెలుగులో, మీరు మాట్లాడే తీరులోనే రాసి పంపండి. మొదట మీ రాతలకే చోటిస్తాం.